మామూలు వేళకే

మిసెస్ టబ్ బూట్లు ఎనిడ్ ఓల్డ్‌రాయ్డ్‌కి మూడు వారాల కిందట చర్చి హాల్లో పాతసామాన్ల అమ్మకంలో దొరికాయి. గోధుమరంగు తోలువి. ఎడమ బూటు మడమ బయటివైపు బాగా అరిగి ఉంది. వాటిని తొడిగిన మనిషెవరో ఏళ్ళ తరబడి ఎడమచేత్తో నీళ్ళ బకెట్టు మోసి ఉండాలి. ఎనిడ్‌కి అంతకంటే ఏం కావాలి? ఆల్బియన్ థియేటర్లో గురువారం మొదలయ్యే నాటకంలో మిసెస్ టబ్ అనే పనిమనిషి వేషం ఆవిడది. మాటలు పదకొండు. బూట్లు కొన్నరోజే తొడుక్కుంది. అప్పటినుంచి బజారుకైనా బస్సుకైనా వాటితోనే తిరుగుతోంది.

సోమవారం పొద్దున బస్సులో కండక్టరు టికెట్ చింపి ఇస్తూ ఆవిడ ముఖంలోకి కళ్ళు చికిలించి చూశాడు.

"ఆగండమ్మా, చెప్పకండి. పళ్ళ డాక్టరు దగ్గర. పేర్లు పిలిచి లోపలికి పంపేది మీరే."

"కాదు నాయనా."

"శనివారం బడి వంటగది అన్నాను. అదీ కాదన్నారు."

"అదీ కాదు."

"మా ఆవిడ పిన్నత్త?"

"మీ ఆవిడకి పిన్నత్త ఉందా?"

"ఉన్నదేమో, వాళ్ళవాళ్ళు లెక్కకి అందనంతమంది. ఎక్కడో చూశాను మిమ్మల్ని, అది మాత్రం ఖాయం."

"చూసే ఉంటావు," అంది ఎనిడ్. అంతకుమించి చెప్పదు. టీవీలో పోలీసుస్టేషన్ బల్లమీద కూర్చుని ఏడ్చిన తల్లిగానో, పదమూడు వారాలపాటు ఆస్పత్రి మంచంమీద పడుకున్న ముసలమ్మగానో అతను చూసే ఉంటాడు. ఈ చుట్టుపక్కల ఊళ్ళలో ఆవిడ పోషించని ఇంటి యజమానురాలు, నర్సు, బార్లో గ్లాసులు కడిగే మనిషి లేరు. పేరు చెప్పేస్తే కుర్రాడి ఆట ఆగిపోతుంది. పన్నెండు నిమిషాల ప్రయాణానికి ఆ ఆట బావుంది.

క్లెగ్‌ఫర్డ్ ఉన్ని మిల్లుల ఊరు. ఆల్బియన్ థియేటరు మిల్లు వెనక వీధిలో, చేపల దుకాణానికి ఎదురుగా ఉంటుంది. ఆ రోజు రిహార్సల్లో నాటకాన్ని మొదటినుంచి చివరిదాకా ఆపకుండా నడిపారు. తండ్రిని పూడ్చివచ్చిన రోజు ముగ్గురు కూతుళ్ళు ఇంటికోసం పోట్లాడుకునే కథ. చివర్లో ఇద్దరు వెళ్ళిపోతారు. పెద్దకూతురు కిటికీ దగ్గర కూర్చుండిపోతుంది. మిసెస్ టబ్ వచ్చి తొమ్మిది కప్పులు తీస్తుంది, బల్ల తుడుస్తుంది, ఏప్రన్ విప్పి కొక్కేనికి తగిలిస్తుంది, కోటు వేసుకుని తలుపుమీద చెయ్యి వేసి, "రేపు మామూలు వేళకే వస్తాను," అంటుంది. తెర.

ఎనిడ్ కప్పులు తీసింది. బల్ల తుడిచింది. ఏప్రన్ తగిలించింది. తలుపుమీద చెయ్యి వేసి నోరు తెరిచి, మూసేసింది.

"తెర," అన్నాడు పక్కన ఎత్తుబల్ల వెనక కూర్చున్న స్టేజి మేనేజరు హ్యూబర్ట్ సైక్స్.

నాటకం చివరి మాటని రిహార్సల్లో పైకి అనకూడదు. జనం వచ్చి కూర్చున్న మొదటిరోజే అనాలి. అంతకుముందే అంటే నాటకం ఎవరూ లేకుండా ముగిసిపోయినట్టు. అది మంచిది కాదు. ఎనిడ్‌కి ఇది ఎవరూ నేర్పలేదు, హ్యూబర్ట్‌కీ ఎవరూ నేర్పలేదు. మేకప్ వాసనతోబాటు ఒంటబట్టినది. ఆ మాటని మూడు వారాలుగా ఆవిడ ఒక్క బస్సులో మాత్రమే, పెదవులు కదలకుండా, లోపల లోపల అనుకుంటూ వస్తోంది. 'మామూలు' దగ్గర ఆగాలా, 'వేళకే' దగ్గర ఆగాలా అన్నది మొన్ననే తేలింది. ఎక్కడా ఆగకూడదు.

డైరెక్టరు క్రిస్పిన్ హేల్ సీట్ల మధ్యనుంచి పరుగులాంటి నడకతో వచ్చాడు. ఇరవై ఆరేళ్ళు. యూనివర్సిటీలో చదివి, లండన్లో ఒక చిన్న హాల్లో రెండు నాటకాలు చేసి, సెప్టెంబర్లో ఇక్కడికి వచ్చాడు. మెడచుట్టూ చెల్లెలు అల్లిన మఫ్లరు ఎప్పుడూ ఉంటుంది.

"ఎనిడ్, మీకు నేను థాంక్స్ చెప్పుకోవాలి."

"ఎందుకు నాయనా?"

"ఆ చివరి మాట గురించి. మొదటివారం మీరు మర్చిపోతున్నారనుకున్నాను. అడిగితే బాధపడతారని ఊరుకున్నాను. తర్వాత అర్థమైంది. ఆ మాట అక్కర్లేదని మీరు నాకు రోజూ చూపిస్తున్నారు." అతని ముఖం వెలిగిపోతోంది. "ఎంత బావుందో ఆ నిశ్శబ్దం. నిన్న రచయితకి ఫోన్ చేశాను. ఆయనా ఒప్పుకున్నాడు. తీసేశాం."

కిటికీ దగ్గర కూర్చున్న మార్గో ట్రెంట్ గొంతులో ఏదో చప్పుడైంది. దాన్ని దగ్గుకిందకి మార్చుకుంది. పెద్దకూతురు వేషం ఆవిడది. టీవీలో డాక్టరు భార్యగా ఆరేళ్ళు నటించింది, బయట పోస్టరుమీద పెద్దక్షరాల పేరు ఆవిడదే. హ్యూబర్ట్ చేతిలో పెన్సిల్ ఆగిపోయింది. ఈ ఆచారం సంగతి క్రిస్పిన్‌కి ఎవరో ఒకరు చెప్పే ఉంటారని స్టేజిమీద అందరూ అనుకున్నారు. అందుకే ఎవరూ చెప్పలేదు.

ఎనిడ్ కోటు బొత్తాలు ఒక్కొక్కటే విప్పుకుంది. ఒక్కమాట చాలు, విషయం తేలిపోతుంది. కానీ అందరిముందు ఆ పిల్లవాడి ముఖం ఎలా అయిపోతుందో ఆవిడకి కనిపించింది. మెడదాకా ఎర్రబడుతుంది. ఇంకో మూడురోజులు అతను ఇంతమందిని నడిపించాలి.

"అలాగా," అంది.

"అంటే తెర నా ముఖంమీద పడుతుందన్నమాట," అంది మార్గో.

"అవును. వెలుగు చిన్నదవుతూ మీ దగ్గరికే వస్తుంది."

"బావుంది," అంది మార్గో. ఆవిడ అలా అన్నదంటే నిజంగానే బావుందని అర్థం.

హ్యూబర్ట్ కళ్ళద్దాలు పైకి తోసుకున్నాడు. "తెర దించడానికి నాకో గుర్తు కావాలి సార్. ఇదివరకు ఆవిడ మాటమీద రాసుకున్నాను. ఇప్పుడు దేనిమీద?"

"ఏప్రన్. ఏప్రన్ కొక్కేనికి తగలగానే వెలుగు తగ్గించండి, దానివెంటే తెర."

"తగిలేదాకా ఏదీ కదలకూడదా?"

"కదలకూడదు. అదెంతసేపు, ఆరేడు సెకన్లు."

హ్యూబర్ట్ పుస్తకంలో పాతగుర్తు రబ్బరుతో చెరిపి, కొత్తది రాశాడు. రాస్తున్నంతసేపూ నాలుక పెదవి మూల బయటే ఉంది.

టీ విరామంలో ఇద్దరూ సామాన్ల గదిలో, నాటకంలోని సోఫామీద కూర్చున్నారు. భార్య పోయి అయిదేళ్ళయినా హ్యూబర్ట్ ఫ్లాస్కు రెండు కప్పులదే. రెండో కప్పు ఎనిడ్‌కి పోస్తాడు. అల్లం బిస్కెట్ల పొట్లం ఇద్దరి మధ్యా పెట్టాడు.

"రేపు అనెయ్," అన్నాడు. "ఒక్కసారి అతని చెవిన పడితే చాలు. నేను బయటికెళ్ళి చేపల దుకాణం ముందు నిలబడతాను. వినలేదంటాను."

ఎనిడ్ నవ్వింది. థియేటర్లో ఎవరైనా ఈల వేస్తేనే అరిష్టమని బయటికి పంపి, మూడుసార్లు గుండ్రంగా తిరిగి లోపలికి రమ్మనే మనిషి ఇతను.

"నువ్వే చెప్పకూడదూ అతనితో?" అంది.

"చెబుతాననే అనుకున్నాను. అతని ముఖం చూశావుగా."

"చూశాను కాబట్టే నేనూ నోరు మూసుకున్నాను." బిస్కెట్టు టీలో ముంచింది, మరీ ఎక్కువసేపు ఉంచేసరికి సగం కప్పులో పడిపోయింది. దానివైపే చూస్తూ అంది: "నలభై రెండేళ్ళు హ్యూబర్ట్. నాటకం చివరి మాట నాకెవరూ ఇవ్వలేదు. మధ్యలో వచ్చి, టీ ఇచ్చి, వెళ్ళిపోవడమే. ఈసారి దొరికింది. దొరికినదాన్ని నేనే రోజూ మింగి, అక్కర్లేదని చూపించానట."

హ్యూబర్ట్ చెంచా అందించాడు, బిస్కెట్టు తీసుకోవడానికి.

మంగళవారం సాయంత్రం నాలుగున్నరకి ఎనిడ్ టౌన్‌హాల్ వెనక తలుపు తట్టింది. అక్కడ నేల తుడిచే ఐవీ బ్రాడ్‌బెంట్ ఆవిణ్ణి మూడు వారాలుగా రానిస్తోంది. మొదటిరోజు ఐవీ అడిగింది ఒక్కటే: "ఊరికే చూస్తావా, చెయ్యి కలుపుతావా?" కలిపితేనే రానిస్తానంది.

"నీ గుడ్డ పిండడం ఇంకా టీవీలో పిండినట్టే ఉంది," అంది ఐవీ మోకాళ్ళకింద గోనెపట్టా సర్దుకుంటూ. "మణికట్టుతో కాదు. మోచేతులు దగ్గరికి తెచ్చి, నడుముతో."

"నడుముతోనా?"

"మరి? నలభై గజాల నేల. మణికట్టుమీద ఆధారపడితే పది గజాలకి చెయ్యి ఊడొస్తుంది. మీ నాటకంలో ఎన్ని గజాలు?"

"ఒక బల్ల."

"ఒక బల్లకి మూడువారాల చదువా," అంది ఐవీ. "డాక్టరు చదివే పిల్లలకి కూడా ఇంత నేర్పరు."

ఇద్దరూ చెరో పక్కనుంచి మొదలుపెట్టి మధ్యలో కలిశారు. అయ్యాక ఐవీ బకెట్టు పారబోసి వచ్చింది. ఎనిడ్ కోటు అందుకుంది. ఐవీ మాత్రం గుమ్మంలో నిలబడిపోయింది, తడిచేతులు ఏప్రన్‌మీద ఆనించి. నేల పొడవునా కిటికీల నీడలు పడి ఉన్నాయి. దూరంగా ఎక్కడో గడియారం వేళ తప్పి గంటలు కొడుతోంది. ఈ ఊళ్ళో అది ఎప్పుడూ సరిగా కొట్టదు.

"ఏం చూస్తున్నావు?" అంది ఎనిడ్.

"ఏమీలేదు. చూస్తున్నాను, అంతే."

"రోజూనా?"

ఐవీ భుజాలు ఎగరేసింది. "పొద్దున తొమ్మిదికల్లా వాళ్ళొచ్చి తొక్కేస్తారు. తుడిచినట్టు చూసేది నేనొక్కదాన్నే. నేనూ చూడకుండా పోతే ఎలా?" ఎడమనుంచి కుడికి, గదిని ఒక మూలనుంచి ఇంకో మూలకి, తన వస్తువే అన్నట్టు చూసుకుంది. అప్పుడు ఏప్రన్ ముడి విప్పింది.

ఎనిడ్ కోటు సగం తొడిగి అలాగే ఆగిపోయింది. మూడు వారాలు ఈ మనిషి పక్కన మోకాళ్ళమీద పాకి, గుడ్డనీ మోచేతుల్నీ చూసింది. అసలు చూడవలసినదాన్ని కోటు తొడుక్కునే తొందరలో వదిలేసింది.

"గురువారం నీకేం పనుందా ఐవీ?" అంది, సంచిలోంచి టికెట్ తీస్తూ.

"మీ నాటకమా? ఏడుపుదా?"

"కొంచెం."

"మధ్యలో చాక్‌లెట్లు అమ్ముతారా?"

"అమ్ముతారు."

"అయితే వస్తాను."

బుధవారం పూర్తి వేషాలతో రిహార్సల్ అయ్యాక ఎనిడ్ ఒకటో నెంబరు మేకప్ గదికి వెళ్ళింది. ఇలాంటివి చెప్పకుండా చెయ్యకూడదు. పక్కన నిలబడిన మనిషిని ఆశ్చర్యపరచడం చేతకాని నటులు చేసే పని. మార్గో అద్దం ముందు కనురెప్పల రంగు దూదితో తుడుచుకుంటోంది.

"మార్గో, రేపు చివర్లో నేను కొంచెం ఆలస్యం చేస్తాను. ఏప్రన్ తగిలించే ముందు."

"ఎంత ఆలస్యం?"

"తెలీదు. రేపు తెలుస్తుంది."

"క్రిస్పిన్‌కి తెలుసా?"

"ఇప్పుడే చెప్పాను. మీకు తోచినంత తీసుకోండి అన్నాడు. అతని లెక్కలో తోచినంత అంటే పది సెకన్లు."

"ఆ చివరి వెలుగు నాది. అది తెలుసు కదా నీకు?"

"తెలుసు."

మార్గో రెండో రెప్ప తుడుచుకుంది. అద్దంలో ఆవిడ ముఖం ఒకపక్క డాక్టరు భార్యలా, ఒకపక్క యాభై దాటిన అలసిన మనిషిలా ఉంది. "సరే. నీకు తోచింది నువ్వు చెయ్యి. నాకు తోచింది నేను చేస్తాను."

ఎనిడ్ మెట్లు దిగుతూ ఆ మాటని రెండుమూడు విధాలుగా అని చూసుకుంది. ఎలా అన్నా అర్థం ఒకటిగా తేల్లేదు. మార్గో తలుచుకుంటే చిన్న నిట్టూర్పుతో, చేతిరుమాలు ఒక్కసారి కళ్ళకద్దుకుని హాలునంతా తనవైపు తిప్పుకోగలదు. ఎనిడ్ అది కళ్ళారా చూసింది, మెచ్చుకుంది కూడా.

హ్యూబర్ట్‌కి కూడా చెప్పింది.

"పుస్తకంలో ఏమని ఉందో తెలుసుగా," అన్నాడు అతను. "ఏప్రన్ తగిలినప్పుడు. తగిలేదాకా నాకు వేరే పని లేదు."

గురువారం హాలు నిండింది. మిల్లు ఆడవాళ్ళు రెండు వరుసలు మొత్తం తీసుకున్నారు. ఐవీ అయిదో వరుసలో, టోపీ తియ్యకుండా కూర్చుంది. వెనకవాళ్ళు ఒకసారి అడిగాక తీసి ఒళ్ళో పెట్టుకుంది. నాటకం బాగానే నడిచింది. రెండో అంకంలో పోట్లాట దగ్గర ఎవరో "అది దాని ఇల్లే" అని పైకే అన్నారు. ఎనిడ్ పది మాటలూ వాటి చోట వాటిని అనేసింది. రెండింటికి నవ్వారు.

చివరికి ఇద్దరు చెల్లెళ్ళూ వెళ్ళిపోయారు. మార్గో కిటికీ దగ్గర కూర్చుంది. ఎనిడ్ బూట్ల చప్పుడుతో లోపలికి వచ్చింది, ఎడమకాలిమీద బరువు వేస్తూ. తొమ్మిది కప్పులు, మూడేసి చొప్పున. గుడ్డ బకెట్లో ముంచి, మోచేతులు దగ్గరికి తెచ్చి, నడుముతో పిండింది. బల్లని తనవైపుకి తుడుచుకుంది, అంచు కింద కూడా. పోయిన పెద్దాయన కుర్చీ పక్కకి తిరిగి ఉంది. దాన్ని బల్లకి దగ్గరగా జరిపింది. బకెట్టు గోడవారగా పెట్టింది. కొక్కెం దగ్గరికి నడిచి, చెయ్యి వెనక్కి పెట్టి ముడి అందుకుంది.

అందుకుని, విప్పలేదు. ఇటు తిరిగింది.

తడిచేతులు ఏప్రన్‌మీద ఆనించి గదిని చూసింది. ఎడమ మూలనుంచి. బీరువా, దానిమీద తిరగేసిన గడియారం, సోఫా, బల్ల, కుర్చీ. తొందర లేదు. అది ఆవిడ తుడిచిన గది. రేపు వాళ్ళు దాన్ని అమ్మేస్తారో, పంచుకుంటారో. ఈ క్షణం శుభ్రంగా ఉంది, చూసేది తనొక్కతే.

చూపు కిటికీ దగ్గరికి వచ్చేసరికి మార్గో కదిలింది. ఇక రుమాలు వస్తుందనుకుంది ఎనిడ్. మార్గో కుర్చీలో మెల్లగా అటు తిరిగి, ముఖం కిటికీకి ఆనించి, హాలుకి వీపు పెట్టేసింది. అలాగే ఉండిపోయింది, కుర్చీలాగా, బీరువాలాగా.

హాల్లో దగ్గు ఆగిపోయింది. చాక్‌లెట్ కాగితం చప్పుడు ఆగిపోయింది. మేడమీద వరుసలోంచి ఒక ఆడమనిషి పక్కమనిషితో మెల్లగా అన్నది కిందిదాకా వినిపించింది: "చూసుకుంటోంది."

పక్కన చీకట్లో హ్యూబర్ట్ వేలు మీటకి అంగుళం పైన ఉంది. అక్కడే ఉంది.

ఎనిడ్ గది కుడి మూలదాకా చూసింది. అప్పుడు ముడి విప్పింది. ఏప్రన్ మడిచి, కొక్కేనికి తగిలించింది. వెలుగు తగ్గింది. తెర దిగింది.

మొదట ఏమీ వినిపించలేదు. తర్వాత మోగిన చప్పట్లని గురించి ఎనిడ్ ఎవరికీ చెప్పుకోలేదు. చీకట్లో మార్గో చెయ్యి దొరికితే పట్టుకుంది.

"మెడ పట్టేసింది," అంది మార్గో. "రేపటినుంచి ఆ కుర్చీ కొంచెం అటు తిప్పి వెయ్యమని చెప్పు."

శుక్రవారం పదకొండింటికి అందరూ స్టేజిమీద చేరారు. క్రిస్పిన్ మఫ్లరు లేకుండా వచ్చాడు. మెడదాకా ఎర్రగా ఉన్నాడు. రాత్రి హ్యూబర్ట్ అతనికి రెండో కప్పు టీ పోసి, చివరి మాట సంగతి చెప్పాడు.

"నన్ను క్షమించండి ఎనిడ్," అన్నాడు అందరిముందే. "నాకు తెలీదు. మీరెందుకు చెప్పలేదు?"

"నీకు చాలా పనుంది నాయనా ఈ వారం."

"రచయితతో మాట్లాడాను. ఇవాళ్టినుంచి మీ మాట మీరు అనండి. అది మీది." పుస్తకంలో ఆ పేజీ తెరిచి ఆవిడ ముందు పెట్టాడు. కొట్టేసిన గీత కింద మాట అలాగే ఉంది.

ఎనిడ్ దాన్ని చదువుకుంది. తర్వాత హ్యూబర్ట్ వైపు తిరిగింది.

"నిన్న ఎంతసేపు పట్టింది?"

హ్యూబర్ట్ తన పుస్తకం చూసి చెప్పాడు. "నువ్వు తిరిగినప్పటినుంచి ఏప్రన్ తగిలేదాకా నలభై ఒక్క సెకన్లు."

"అంతసేపా?"

"నేను వాచీలో చూసే రాశాను."

ఎనిడ్ పేజీ మూసి, పుస్తకాన్ని క్రిస్పిన్ చేతిలో పెట్టింది. "అయితే గీత అలాగే ఉండనీ."

"నిజంగా వద్దా?"

"వద్దు నాయనా. మొదట నువ్వు అన్నదే బావుంది." కోటు అందుకుంటూ, "కారణం తప్పనుకో," అంది.

ముందు మార్గో నవ్వింది, తర్వాత అందరూ, చివర్లో క్రిస్పిన్ కూడా.

స్టేజి తలుపు దగ్గర ఆవిడకోసం ఒక కాగితం ముక్క వదిలిపెట్టి ఉంది. పెన్సిల్‌తో, వంకర అక్షరాలు. 'కుర్చీ కాళ్ళకింద తుడవలేదు. మిగతాదంతా బాగా చేశావు. ఐవీ.' ఎనిడ్ దాన్ని మడిచి, మేకప్ పెట్టెలో కాకుండా కోటు జేబులో పెట్టుకుంది.

సాయంత్రం ఆటదాకా నడుం వాల్చడానికి ఒంటిగంట బస్సెక్కింది. అదే కండక్టరు. టికెట్ చింపబోతూ ఆవిడ కాళ్ళవైపు చూశాడు. ఎడమ మడమ అరిగిన బూట్లు. నేల కడిగే సోడాతో ఎర్రబడిన చేతివేళ్ళు. అతని ముఖం విప్పారింది.

"దొరికారు," అన్నాడు. "టౌన్‌హాల్లో. నేల తుడుస్తారు మీరు. మా నాన్న పెన్షన్ పనిమీద వెళ్ళినప్పుడు చూశాను."

ఎనిడ్ అతనివైపు చూసింది. ఈ ఊరి పత్రికలో ఇవాళ ఆవిడ గురించి నాలుగు లైన్లు వచ్చాయి, మంచివే. అవి కూడా ఇంత బాగా లేవు.

"అవును నాయనా," అంది.

"నాకు తెలుసు. నేను ముఖాలు మర్చిపోను. చాలా శుభ్రంగా ఉంచుతారు అక్కడ."

"చూశావా నువ్వు?"

"చూడకేం? చెప్పులతో తొక్కాలంటే సిగ్గేసింది."

ఆ మాట ఐవీకి చెప్పాలి అనుకుంది ఎనిడ్. తన స్టాపు వచ్చింది. కమ్మీ పట్టుకుని, ఎడమకాలు ముందు మోపి దిగింది. కింద నిలబడి తలెత్తి, ఎక్కడా ఆగకుండా అంది:

"రేపు మామూలు వేళకే వస్తాను."

కండక్టరు గంట కొట్టాడు. బస్సు కదిలింది.